అంకమ్మ ముఠా పాట

కొత్తపట్నం,
4 సెప్టెంబరు 2025

జయపాలూ,

అక్క రాసేది. ఉత్తరం చూసి కంగారు పడకు, అందరం బాగానే ఉన్నాం.

మొన్న ఆదివారం నువ్వు ఫోను చేసినప్పుడు నేను అవునవును అన్నాను గానీ ఒక్క ముక్క వినపడలేదు. మన పల్లెలో సూరమ్మత్త పోయిందని నువ్వు చెప్పావట. నేను "మంచిదేలే, ఎప్పుడో కావాల్సింది" అన్నానట. మీ బావ నవ్వలేక చచ్చి, తర్వాత పలక మీద రాసి చూపించాడు. ఇంట్లో ఇప్పుడు మా మాటలన్నీ పలక మీదే. చెవి మూలంగా టీచరు పని నుంచి ముందే రిటైరైనా బడి మానలేదు నేను. ఇక నీతో ఫోను వద్దు. మెసేజీ పెడితే బొటనవేలు బొమ్మ పంపి ఊరుకుంటావు. కాబట్టి ఉత్తరం రాస్తున్నాను, నువ్వూ ఉత్తరమే రాయి.

ఎడమ చెవి ఎప్పుడో పోయింది. కుడి చెవిలోనూ సన్నటి శబ్దాలన్నీ పోయాయి. ఫోను గంట, పిట్టలు, పక్కింటి ఆడపిల్లల మాటలు ఏవీ లేవు. బరువైనవి కాస్త మిగిలాయి. లారీ, సముద్రం, మీ బావ గురక. అవి కూడా నిలవవని గుంటూరు డాక్టరు చెప్పాడు. ఆపరేషన్ చేసి చెవి లోపల మిషను పెడతారట. దాంతో మాటలు వినపడతాయి, నెమ్మదిగా అలవాటవుతాయి. పాటలు మాత్రం పాటల్లా వినపడతాయన్న నమ్మకం లేదన్నాడు. రేకు మీద వాన పడ్డట్టు ఉండొచ్చట. ఇప్పుడు మిగిలిన కాస్త వినికిడీ ఆపరేషన్‌తో పోవచ్చట. తేదీ అక్టోబరు ఇరవై రెండు.

అందుకని ఒక్కటే అడుగుతున్నాను. ఆ లోపల అమ్మ పాట ఒక్కసారి వినాలి. మేం క్వయర్‌లో పాడిన క్యాసెట్టు వద్దు. నువ్వు కీబోర్డు వాయించిన సీడీ వద్దు. బ్యాండు వాళ్లదీ వద్దు. అప్పుడు రేడియో వాళ్లు చేలోకి వచ్చి టేపు చేసుకుపోయారే, అది కావాలి. మీ బావ రేడియోలోంచి ఎక్కించిన క్యాసెట్టు నీ దగ్గరే ఉంది. అమ్మని వినకుండా ఆ బల్ల మీద పడుకోబుద్ధి కావడం లేదు.

ఇక్కడ వేట బాగాలేదు. చేపలు ఒంగోలు కంటే ఇక్కడే ప్రియం, విచిత్రం. నా మేనకోడలు షారోన్‌ని అడిగానని చెప్పు.

మీ అక్క,
రెబెకా


బ్రాడీపేట, గుంటూరు,
12 సెప్టెంబరు 2025

అక్కా,

వందనాలు. చేత్తో ఇంత పొడుగు ఉత్తరం రాసి ఎన్నాళ్లయిందో. అక్షరాలు బాగాలేవని ఎర్ర సిరాతో దిద్ది వెనక్కి పంపకు.

నీ ఉత్తరం షారోన్ పైకి చదివింది. సూరమ్మత్త దగ్గరికొచ్చేసరికి నవ్వింది. ఆపరేషన్ దగ్గరికొచ్చేసరికి మిగతాది నన్నే చదువుకోమంది. నువ్వు అడగాలా అక్కా. పాట ఈ కవర్లోనే పెన్‌డ్రైవ్‌లో పంపుతున్నాను. బావని కంప్యూటర్‌కి పెట్టి, చెవులకి పెద్ద హెడ్‌ఫోన్ తగిలించమను.

నువ్వు అడిగిందీ మంచి సమయంలోనే అడిగావు. వేసవిలో ఆ పాట చరిత్ర మీద వీడియో చేసి మా స్టూడియో ఛానల్‌లో పెట్టాను. అందులో ఏం చెప్పానో రాస్తున్నాను, తప్పులుంటే చెప్పు. "ఇంకొక్క సాలు" పత్తి తీసే ఆడవాళ్ల పాట. ఒకరు అందుకుంటే మిగతావాళ్లు బదులిస్తారు. సాలు చివరికి వెళ్లేదాకా సాగుతుంది, సాలు పొడుగును బట్టి చరణాలు. నేను పుట్టిన ఏడాది, 1976లో, రేడియో వాళ్లు మన చేలో రికార్డు చేశారు. పదేళ్ల తర్వాత మళ్లీ వేసినప్పుడు బావ క్యాసెట్టుకి ఎక్కించాడు. 1988లో నువ్వు క్వయర్ చేత హార్మోనియంతో పాడించావు. "ఇంటికి పోదాం" అన్న మాట పరలోకానికి సరిపోయిందని దాన్ని సమాధి దగ్గర పాడటం మొదలైంది. ఆ తర్వాత మన పల్లె ముబీన్ బ్యాండు క్లారినెట్ మీద ఎత్తుకుంది. అదే పాట పెళ్లిలో ఉరుకుతుంది, చావులో నడుస్తుంది. తర్వాత నా సీడీ. ఇప్పుడు తాడేపల్లి కుర్రాడెవరో గిటార్ మీద పాడితే లక్షల మంది చూశారు. కింద "ఎవరు రాశారో తెలియదు" అని పెట్టాడు.

వీటన్నిటికీ మూలం అమ్మ. రేడియో ఆయన "పాడినవారు అంకమ్మ, బృందం" అని చెప్పగానే ఆ గొంతు లేస్తుంది చూడు, ఎక్కడా వణుకు లేకుండా, గాలిపటం పైకి పోయినట్టు. నాకు మూడేళ్లు రాకముందే అమ్మ పోయింది. మొహం గుర్తు లేదు. ఫొటో లేదు. నాకు అమ్మంటే ఆ గొంతే. అందుకే దాన్ని ఈమధ్య కొత్త సాఫ్ట్‌వేర్‌లో వేసి శుభ్రం చేశాను. వెనకాల గోలంతా తీసేశాను. ఇప్పుడు అమ్మ మన గదిలో నిలబడి పాడుతున్నట్టుంది.

ఒక్కటే చిరాకు. వీడియో చూసి ముబీన్ తన బ్యాండు షాపు ముందు నలుగురిలో "అది మా అమ్మ పాట" అన్నాడు. నాకు ఒళ్లు మండింది. ఆ పాట వాయించుకుని బతికినవాడు కాస్త కృతజ్ఞత చూపించాలి కదా. రెండు మాటలు గట్టిగానే అన్నాను. ఇప్పుడు ఎదురుపడితే మొహం తిప్పుకుంటున్నాడు.

విని వెంటనే రాయి.

నీ తమ్ముడు,
జయపాల్


కొత్తపట్నం,
20 సెప్టెంబరు 2025

జయపాలూ,

నీ అక్షరాలు ఫరవాలేదు. "కృతజ్ఞత" తప్పు లేకుండా రాశావు, సంతోషం.

పాట విన్నాను. అంటే, హెడ్‌ఫోన్ పెట్టుకుని కూర్చున్నాను. మొదట్లో రేడియో ఆయన మాట గొణిగినట్టు వినపడింది. ఆ తర్వాత ఏమీ లేదు. మీ బావ మొహం చూస్తే పాట నడుస్తోందని తెలుస్తోంది, ఆయన కళ్లు మూసుకుని తల ఊపుతున్నాడు. నాకు మాత్రం అమ్మ ఎక్కడా వినపడలేదు. మళ్లీ పెట్టించాను. మళ్లీ అంతే. పెన్‌డ్రైవ్‌లో ఏదైనా తేడా ఉందేమో చూడు.

నీ వీడియో సంగతి. తప్పులు పెద్దగా లేవు. కానీ చావు పాటగా నేను మార్చానన్నట్టు రాశావు, అది నిజం కాదు. క్వయర్‌లో ముసలాళ్లు ఎక్కువ, ఊపిరి అందేది కాదు, అందుకని నెమ్మదిగా పాడించాను. క్యాసెట్టు వచ్చిన కొత్తలోనే పాస్టరు గారి నాన్న పోతే సమాధి దగ్గర దాన్నే పాడారు. అక్కడి నుంచి అందరూ అలాగే పాడుతున్నారు. చేలో అయితే ఆ పాట ఎంత ఉరుకుతుందని. నెమ్మదిగా పాడితే చేతులు ఆగిపోవూ.

ముబీన్‌తో గొడవెందుకురా నీకు. వాడన్నదాంట్లో తప్పేముంది. వాడి బ్యాండు లేకపోతే ఆ పాట చర్చి గోడ దాటేదా. చిన్నప్పుడు ఇద్దరూ ఒక చెడ్డీ మార్చి మార్చి వేసుకున్నారు. వెళ్లి మాట్లాడు.

డాక్టరు మళ్లీ చెవి పరీక్ష రాశాడు. ఒంగోల్లోనే చేయించుకున్నాను. ఆ గదిలో కూర్చోబెట్టి శబ్దం వినపడితే చెయ్యెత్తమంటారు. నేను ఎత్తకుండా కూర్చుంటే ఆ అమ్మాయి జాలిగా చూస్తుంది. ఒళ్లు మండుతుంది నాకు.

పాట సరిచేసి పంపు. ఆలస్యం చేయకు.

మీ అక్క,
రెబెకా


బ్రాడీపేట,
26 సెప్టెంబరు 2025

అక్కా,

పెన్‌డ్రైవ్‌లో తేడా లేదు. పంపేముందు నేనూ విన్నాను, షారోనూ విన్నది. నువ్వు ఏమీ వినపడలేదంటే నాకు భయమేసింది. చెవి మనం అనుకున్నదానికంటే వేగంగా పోతోంది. డాక్టరు గారి క్లినిక్ మా వీధి చివరే కదా, వెళ్లి అడిగాను. కావాలంటే ఆపరేషన్ పదో తేదీకి ముందుకు జరపొచ్చన్నారు. ఒప్పుకోమంటావా.

పాట ఇంకా గట్టిగా వినపడేలా చేసి మళ్లీ పంపుతున్నాను. అమ్మ గొంతు తప్ప ఇంకేమీ మిగలకుండా గీకి గీకి తీశాను. ఇది కూడా వినపడకపోతే మనం పాట సంగతి మర్చిపోయి నీ చెవి సంగతి చూసుకుందాం. నీకు కోపం వస్తుందని తెలుసు. కానీ ఒక పాట కోసం ఆపరేషన్ ఆలస్యం చేస్తే, తర్వాత మాటలు కూడా లేకుండా పోతే ఏం చేస్తాం. అమ్మని నువ్వు పన్నెండేళ్లు చూశావు, విన్నావు. నీ తలలో ఉంది కదా ఆవిడ గొంతు. ఆ టేపు తప్ప ఏమీ లేనివాణ్ణి నేను.

ముబీన్ విషయంలో నువ్వు వాడి వైపు మాట్లాడటం నాకు బాధ కలిగింది. వాడన్నదాంట్లో తప్పేముంది అని రాశావు. తప్పు లేకపోవడమేంటి అక్కా. సొంత తల్లి పాటని ఇంకొకడు తనదంటే నేను నవ్వుకుంటూ ఊరుకోవాలా. వాడు బాగా వాయిస్తాడు, ఒప్పుకుంటాను. వాయించినంత మాత్రాన వాడిదైపోతుందా. నువ్వే నన్ను పెంచావు, నువ్వే ఇలా అంటే ఇంకెవరితో చెప్పుకోను.

ఇక్కడ మిరప యార్డు రోడ్డు పని మొదలుపెట్టారు. స్టూడియోలో తలుపు మూసినా దుమ్మే. మొన్న ఒక ఆల్బమ్ రికార్డింగు మధ్యలో పాడే అమ్మాయికి తుమ్ములు ఆగలేదు, పంపించేశాను.

ఆపరేషన్ తేదీ గురించి వెంటనే చెప్పు.

జయపాల్


కొత్తపట్నం,
3 అక్టోబరు 2025

ఒరేయ్ జయపాలూ,

తేదీ ముందుకు జరిపావో, నేను గుంటూరు రాను. ఇరవై రెండే.

నువ్వు పంపిన రెండో పాట పెట్టుకుంటే చెవిలో నొప్పి వచ్చింది, పాట రాలేదు. కోపమొచ్చి హెడ్‌ఫోన్ తీసి పారేశాను. మీ బావ దాన్ని ఏరుకొచ్చి, తను పెట్టుకుని విని, పలక మీద ఇలా రాశాడు. "గొంతు చాలా బాగుంది. షాజాదీ గారు ఎంత బాగా పాడేవారో మర్చిపోయాను." అది చదివి ఆ పలక పక్కన పెట్టాను. అప్పుడు నీ ఉత్తరాలు రెండూ తీసి మళ్లీ చదివాను.

నాన్నా, ఎలా రాయాలో తెలియడం లేదు. తిన్నగానే రాస్తాను. నువ్వు శుభ్రం చేసిన ఆ గొంతు అమ్మది కాదు. షాజాదీ పిన్నిది. ముబీన్ వాళ్లమ్మది.

అమ్మకి పాట రాదురా. అమ్మ ముఠా మేస్త్రి. ఏ చేలో పత్తి తీయాలో మాట్లాడుకోవడం, మనుషుల్ని పోగేసి తీసుకెళ్లడం, సాలు సాలుకీ మనిషిని నిలబెట్టడం ఆవిడ పని. మన వైపు ముఠాకి వేరే పేరు ఉండదు, మేస్త్రి పేరే ముఠా పేరు. అంకమ్మ ముఠా అంటే చిలకలూరిపేట దాకా తెలుసు. రేడియో ఆయన "మీదే ముఠా" అని అడిగాడు, అందరూ "అంకమ్మ ముఠా" అన్నారు. ఆయన అదే రాసుకున్నాడు. అందుకునేది ఎప్పుడూ షాజాదీ పిన్నే. ఆమెది సన్నటి గొంతు, నాలుగు చేల అవతలికి వినపడేది. అమ్మ పోయాక మళ్లీ పాడలేదు, అందుకే నువ్వు ఎరగవు. ఇంట్లో మనం అమ్మ పాట అంటే అమ్మ ముఠా పాట అని. నువ్వు వేరేగా అనుకుంటున్నావని నాకు ఇన్నేళ్లలో ఒక్కసారి కూడా తట్టలేదు. ముబీన్ మాటలో తప్పేముందని రాసింది అందుకే. నువ్వు వాడితో ఊరికే సరదాకి పోట్లాడుతున్నావనుకున్నాను.

అమ్మది బొంగురు గొంతు. మగవాళ్లకి కూడా అంత బరువైన గొంతు ఉండదు. ఆ టేపులో అమ్మ ఉంది. పాటలో కాదు, నువ్వు తీసేసిన గోలలో ఉంది. పాట నడుస్తున్నంతసేపూ సాళ్ల మధ్య తిరుగుతూ వాళ్లనీ వీళ్లనీ అరుస్తూనే ఉంది. ఆవిణ్ణి కాసేపు ఊరుకోమని రేడియో ఆయన బతిమాలాడు. పత్తిలో ఆకు పడితే నువ్వొచ్చి ఏరతావా అంది ఆయన్ని.

నాకు సన్నటివి వినపడవు, బరువైనవి వినపడతాయి. అందుకే అడిగాను. ఆ గొంతు నాకు అందుతుందన్న ఆశతో అడిగాను.

నువ్వు ఎంత బాధపడతావో తెలుసు. పక్కన కూర్చుని చెప్పాల్సిన మాట, కానీ నువ్వు తిరిగి ఏమన్నా నాకు వినపడదు. తిట్టాలనిపిస్తే తిడుతూ రాయి. ఆ గోల మాత్రం పంపు.

అక్క


బ్రాడీపేట,
11 అక్టోబరు 2025

అక్కా,

నీ ఉత్తరం వచ్చిన రోజు స్టూడియో తెరవలేదు. షారోన్ ఏమైందని అడిగితే జ్వరమని చెప్పాను. నిన్ను తిట్టాలనిపించలేదు. ఎవర్ని తిట్టాలో తెలియక ఏడుపొచ్చింది. నలభై తొమ్మిదేళ్ల వయసులో అమ్మ మళ్లీ పోయినట్టుంది. పెళ్లి రోజున ఆ పాట పెట్టుకున్నాను. షారోన్ పుట్టినప్పుడు ఆసుపత్రి వరండాలో విన్నాను. అన్నిసార్లూ షాజాదీ పిన్ని దగ్గరికే వెళ్లానన్నమాట.

తర్వాత ఇంకో భయం పట్టుకుంది. గోల తీయని పాట నా దగ్గర లేదు. క్యాసెట్టు కంప్యూటర్‌కి ఎక్కించి వెనక్కి తిప్పేటప్పుడు టేపు మిషన్లో చుట్టుకుని తెగింది. శుభ్రం చేశాక ఇంకెందుకని పాతది చెరిపేశాను. నేను చేసే పని ఇదే కదా అక్కా, రోజంతా ఎవరెవరి గోలో తీసేయడం. అది ఎవరి నోటి మాటో ఎప్పుడూ ఆగి వినలేదు.

ఒక్కచోటే ఉండాలి. క్యాసెట్టు బాగున్న రోజుల్లో ముబీన్ వరస నేర్చుకోవడానికని ఒక కాపీ చేసుకున్నాడు. వెళ్లాలంటే మొహం చెల్లలేదు. వెళ్లాను. వాడు షాపులో డ్రమ్ముకి తోలు బిగిస్తున్నాడు, తలెత్తలేదు. "ముబీన్, ఆ పాట మీ అమ్మదేరా. నాకు తెలియదు" అన్నాను. వాడు చెయ్యాపి, "నీకు తెలీదా? నేను నువ్వు కావాలనే చెప్తన్నావనుకున్నా. మీ అమ్మ పేరు రేడియోలో వచ్చింది గందా, అందుకని ఊరుకున్నా ఇన్నాళ్లూ" అన్నాడు. కూర్చోమని కూడా అనకుండా లోపలికెళ్లి పెట్టెలన్నీ కిందేసి వెతికాడు. దొరికింది.

అక్కడే విన్నాం. గాలి, గాజులు, ఎవరిదో దగ్గు. వాటి మధ్యలో ఆ గొంతు. నువ్వు చెప్పకపోతే మగమనిషి అనుకునేవాణ్ణి. "వంగండే, వంగండి, సూరమ్మా ఆకు రాలతంది సూసుకో." ఇది నాకు తెలియని మనిషి అక్కా. ఇష్టం కలగలేదు, నిజం చెబుతున్నాను. ఇన్నాళ్లూ అంత తియ్యటి గొంతు అమ్మదనుకుని, ఈ అరుపు అమ్మదంటే మనసు ఒప్పుకోలేదు. రెండోసారీ మూడోసారీ విన్నాక కాస్త ఒప్పుకుంది.

నేను శుభ్రం చేసిన పాట ముబీన్‌కి ఇచ్చాను. వాళ్లమ్మ గొంతు ఒక్కటే, ఇంకెవరూ అడ్డం లేకుండా, వాడు ఎప్పుడూ వినలేదు. వింటూ గోడవైపు తిరిగి నిలబడ్డాడు. వీడియోలో పేరు మార్చాను. పాడినది షాజాదీ, అంకమ్మ ముఠా అని పెట్టాను. తాడేపల్లి కుర్రాడికీ రాశాను, వాడూ మార్చాడు.

ఇప్పుడు పంపుతున్నది ముబీన్ కాపీ. ఏమీ ముట్టుకోలేదు. చివర్లో ఒకచోట పసిపిల్లాడెవరో గుక్కపట్టి ఏడుస్తాడు. అమ్మ ఏదో అంటుంది, ఆ ఏడుపులో నాకు తెలియడం లేదు. ఏమంటుందో నీకు తెలుస్తుందేమో చూడు.

తమ్ముడు


కొత్తపట్నం,
16 అక్టోబరు 2025

నాన్నా జయపాలూ,

వినపడింది.

షాజాదీ పిన్ని లేదు, గాజులు లేవు, గాలి లేదు. అమ్మ ఉంది. అడుగున ఎక్కడో, గోడ అవతల మాట్లాడుతున్నట్టు. మాటలు అన్నీ అందలేదు, గొంతు అందింది. మీ బావ పక్కన కూర్చుని ఒక్కో మాటా పలక మీద రాస్తుంటే, నేను చదువుతూ విన్నాను. ఏడ్చాను. పలక మీద పడితే మీ బావ తుడిచి మళ్లీ రాశాడు. నాకు చాలు. ఇరవై ఒకటిన సాయంత్రానికి మీ ఇంటికొస్తాం. మిషను పెట్టాక పాటలు రేకు మీద వానలా ఉంటే ఉండనీ.

అమ్మ గొంతు నీకు నచ్చలేదన్నావు. అబద్ధం చెప్పనందుకు మెచ్చుకుంటున్నాను. ఆ గొంతంటే ఊళ్లో అందరికీ హడలే.

చివర్లో పసిపిల్లాడెవరో ఏడుస్తాడన్నావు. గట్టు మీద తుమ్మచెట్టు కింద చీర ఉయ్యాల కట్టి, ఊపడానికి నన్ను బడి మాన్పించి కూర్చోబెట్టింది. నేను రేడియో మిషను చూడటానికి పరిగెత్తాను. ఉయ్యాలలో ఉన్నవాడు లేచి గుక్కపట్టాడు. ఆ పిల్లాడివి నువ్వే.

ఆ ఏడుపు వినగానే అమ్మ అరుపు ఆపేసింది. టేపులో అక్కడ నీకు తేడా తెలుస్తుంది. అక్కడి నుంచి ఆవిడ గొంతు ఇంకెవరితోనూ మాట్లాడినట్టు ఉండదు. ఏమందో మీ బావకి కూడా అందలేదు, నాకు పలక అక్కర్లేకుండానే తెలిసింది, అప్పుడు అక్కడే ఉన్నాను కదా.

"వస్తన్నా నాన్నా, ఏడవమాక. అమ్మొస్తంది."

ఇన్ని రోజులూ అమ్మని నేను వినాలని నిన్ను పీకి పెట్టాను. అందరినీ అరుస్తూ తిరిగిన మనిషి అందులో ఒక్కడితోనే నెమ్మదిగా మాట్లాడింది. అది నీతోరా.

అక్క